సోమవారం తీసిన రక్తం

పశువైద్యంలోకి కొత్తగా వస్తున్న పిల్లలు కొందరు ఈ మధ్య ఇంటికొచ్చి, "సార్, మీ అనుభవాలు రాయండి" అన్నారు. ఏం రాయాలి? ఏ ఏడు ఏ ఊరికి బదిలీ అయింది, ఏ మీటింగులో ఏ సాహెబు ఎందుకు తిట్టాడు, ఇవన్నీ మీకెందుకు? వాటివల్ల మీకు సూది పట్టుకోవడం కూడా రాదు. నా ఉద్యోగం చాలామటుకు మహారాష్ట్ర అంచున ఉన్న సిరోంచ చుట్టూనే గడిచింది. ప్రాణహిత ఒడ్డున గేదెలు, జిమల్‌గట్ట అడవిలో మేకలు, పులి కొట్టిన ఎడ్లకు పంచనామాలు. వాటి గురించి చెప్పేవాళ్లు చాలామంది ఉన్నారు.

నేను ఒక కుక్క గురించి చెబుతాను. తాలూకాలోని గేదెలన్నీ కలిసి నన్ను విసిగించిన దానికంటే ఆ ఒక్క కుక్క వైద్యం నన్ను ఎక్కువ విసిగించింది. తప్పు కుక్కది కాదు. పోనీ దాని చుట్టూ ఉన్నవాళ్లు నాతో అబద్ధమాడారా అంటే అదీ లేదు. అబద్ధమైతే ఎప్పుడో పట్టుకునేవాణ్ణి. అందరూ తమకు తెలిసిన నిజమే చెప్పారు, అందరూ కుక్క మంచే కోరారు, అందరూ కలిసి దాన్ని చావు అంచుకు తోశారు.

కాలిన ఆయిల్

మల్లేశం సేఠ్‌ది సిరోంచలో పేరున్న కిరాణా దుకాణం. ముందు దుకాణం, వెనక ఇల్లు. ఇంద్రావతి మీద పాతగూడెం దగ్గర వంతెన పడ్డాక ఆయన సామాను బండి అవతల ఛత్తీస్‌గఢ్ ఊళ్లకు కూడా పోవడం మొదలైంది. ఆయన భార్య సరోజమ్మ. వాళ్లకొక లాబ్రడార్ కుక్క, పేరు బాద్షా. కళ్లు తెరవని పిల్లగా ఇంటికొస్తే సరోజమ్మ దూదితో పాలు పట్టి పెంచింది. అందుకని అది దుకాణంలో బియ్యం బస్తాల మీద ఎంతసేపు పడుకున్నా చెవి మాత్రం వంటింటి వైపే ఉండేది.

ఒకరోజు సేఠ్ దాన్ని దవాఖానకు తీసుకొచ్చాడు. ఒళ్లంతా నల్లగా జిడ్డు.

"గజ్జి అయినట్టున్నది సార్. కాలిన ఆయిల్ పూసినం, తగ్గుత లేదు."

మా దగ్గర కుక్కకు వెంట్రుక రాలితే మొదట పరుగెత్తేది డాక్టరు దగ్గరికి కాదు, మెకానిక్ దగ్గరికి. బండి ఇంజన్లోంచి తీసిన మడ్డి ఆయిల్ తెచ్చి తోక దాకా పట్టిస్తారు. కుక్క దాన్ని నాకుతుంది, వాంతి చేసుకుంటుంది. అప్పుడు నా దగ్గరికి తెస్తారు. నా సర్వీసంతా చెప్పి చెప్పి నోరు నొప్పి పుట్టిందే కానీ ఒక్కరూ మానలేదు.

"గోక్కుంటున్నదా సేఠ్?"

"లేదు సార్."

"గోక్కోకుంటె గజ్జెట్లయితది?"

సేఠ్ తలగోక్కున్నాడు. నేను చూస్తే, పక్కల మీద రెండు వైపులా ఒకే తీరుగా జుట్టు పల్చబడింది. తోక మీద అసలు జుట్టే లేదు. తిండి పెరగకుండానే ఒళ్లు పెరిగింది. గుండె నిదానంగా కొట్టుకుంటోంది. మే నెల ఎండల్లో కూడా పొయ్యి పక్కనే పడుకుంటోందని సేఠ్ నవ్వుతూ చెప్పాడు. "ముసల్ది అయింది సార్, గంతే." దాని వయసుకు అది ముసలితనం కాదు. మెడలో ఉండే థైరాయిడ్ గ్రంథి పని మానేస్తోందని నాకు అనుమానం వచ్చింది. మనుషులకు వచ్చేదే కుక్కలకూ వస్తుంది. దాన్ని తేల్చేది రక్తపరీక్ష ఒక్కటే.

సిరోంచలో ఆ పరీక్ష లేదు. రక్తం తీసి, మిషన్లో తిప్పి, పైకి తేలిన పసుప్పచ్చ సీరమ్‌ను వేరుచేసి, ఐసు డబ్బాలో పెట్టి, ప్రాణహిత వంతెన దాటి మంచిర్యాల పోయే బస్సు డ్రైవర్‌ను బతిమాలి పంపాలి. అక్కడి ల్యాబువాళ్లు పెద్ద ఊరికి పంపిస్తారు. బస్సు చెడిపోతే ఐసు కరిగిపోతుంది, మళ్లీ మొదటికి రావాలి. ఈ తతంగం తెలిసి మా జిల్లా సాహెబు ఫోన్లో గట్టిగానే అన్నాడు: "ప్రభుత్వం మీకు జీతమిచ్చేది ఎడ్లను చూడటానికి, సేఠ్‌ల కుక్కలను చూడటానికి కాదు." ఆయన మాటలో కొంత నిజముంది. సేఠ్‌ల ఇళ్లల్లో చాయ్ తాగుతూ ఎడ్లను మరిచిపోయిన డాక్టర్లను నేనూ చూశాను. కానీ గేటు లోపలికి వచ్చిన జంతువు ఎవరిదని అడిగి వైద్యం చేస్తే మనం డాక్టర్లం కాదు, పహరావాళ్లం. నేను ఎడ్లనూ చూశాను, కుక్కనూ చూశాను. ఆ మాటే చెబితే ఆయన ఫోన్ పెట్టేశాడు.

రిపోర్టులో నేననుకున్నదే వచ్చింది. సేఠ్ దాన్ని ఫోటో తీసి నాగపూర్‌లోని ఒక కుక్కల స్పెషలిస్టుకు పంపాడు. నాకేం కోపం రాలేదు. ఆ స్పెషలిస్టు కూడా అదే జబ్బన్నాడు, రోజూ రెండు పూటలా గోలి రాశాడు, జీవితాంతం వేయాలన్నాడు. డోసు కూడా సరైనదే.

కానీ ఆ గోలి మనుషుల మందుల దుకాణంలోనే దొరుకుతుంది. అక్కడి ఆయన చీటీ చూసి గుండెలు బాదుకున్నాడు. "ఇంత డోసు మనిషికే ఇయ్యరు, కుక్కకెట్ల ఇస్తరు? సగం ఇయ్యుండ్రి సేఠ్." సేఠ్ సగమే ఇప్పించాడు. నెల గడిచినా కుక్కలో మార్పు లేకపోతే ఆరా తీసి, నేనే మందుల దుకాణానికి పోయి గొడవపడ్డాను. మనిషి ఒంట్లో ఈ గోలి వారం దాకా నిలుస్తుంది. ఒక పూట మరిచిపోయినా ఏమీ కాదు. కుక్క ఒళ్లు అలా కాదు, పొద్దున వేసింది రాత్రికల్లా సగం కరిగించేస్తుంది. అందుకే డోసు ఎక్కువ, అందుకే రెండు పూటలు. ఈ తేడా గుర్తుపెట్టుకోండి. నా కష్టమంతా దీనివల్లే వచ్చింది.

పూర్తి డోసు మొదలయ్యాక బాద్షా మారిపోయింది. తోక మీద మెత్తగా జుట్టు మొలిచింది. పొయ్యి వదిలి వాకిట్లోకి వచ్చింది. సరోజమ్మ నాకోసం గిన్నెడు గారెలు పంపింది. ఇల్లు అలకగానే పండగ కాదని నాకు తెలుసు, అయినా గారెలు తిన్నాను.

కాగితం ఒక మాట, కుక్క ఒక మాట

గోలి మొదలుపెడితే పని అయిపోలేదు. ఒంట్లోకి ఎంత చేరుతోందో మళ్లీ రక్తం తీసి చూడాలి. దానికొక పద్ధతి ఉంది. పొద్దున గోలి వేయాలి, అది రక్తంలో బాగా కలిసే వేళకు, అంటే మధ్యాహ్నానికి, రక్తం తీయాలి. గోలి వేయకుండా తీస్తే అంకె తక్కువ వస్తుంది. ఆ అంకె దేనికీ పనికిరాదు.

సేఠ్‌కు ఇదంతా విడమరిచి చెప్పాను. ఆయన బుద్ధిమంతుడిలా తలూపాడు.

"సోమారం తెస్త సార్. మాది సోమారం పొద్దూకే దాక దుకాణం బంద్ ఉంటది."

ఊళ్లో మిగతా దుకాణాలు ఎప్పుడు మూసినా వీళ్లది మాత్రం తాతల నాటి నుంచి సోమవారమే. ఆ రోజు సరోజమ్మ తలస్నానం చేసి, విభూతి పెట్టుకుని, గోదావరి దాటి కాళేశ్వరం పోయి దర్శనం చేసుకుని వస్తుంది. సేఠ్‌కు తీరిక. సరిగ్గా మధ్యాహ్నానికి కుక్కను తెచ్చాడు.

"పొద్దున గోలి ఏసిండ్రా?"

"ఏసిండ్రు సార్. ఇంట్ల ఒక్క పూట తప్పనియ్యరు."

రక్తం తీశాను, పంపాను. తక్కువ వచ్చింది. నాగపూర్ స్పెషలిస్టు డోసు పెంచాడు. కొన్ని వారాలు పోయాక మళ్లీ సోమవారం, మళ్లీ రక్తం, మళ్లీ తక్కువ. మళ్లీ పెంచాడు.

ఈలోగా కుక్క వేరే కథ చెబుతోంది. కూర్చున్న చోట కూర్చోదు. చలికాలంలో నాలుక బయటపెట్టి రొప్పుతుంది. తొట్టెడు నీళ్లు తాగి దుకాణమంతా తడిపేస్తుంది. ఎంత తిన్నా పక్కటెముకలు కనిపిస్తున్నాయి. ఛాతీ మీద స్టెతస్కోపు పెడితే గుండె దడదడలాడుతోంది. ఇవన్నీ మందు ఎక్కువైన లక్షణాలు. చదువుకున్నవాడెవడైనా చెబుతాడు. కాగితమేమో మందు చాలడం లేదంటోంది.

ల్యాబు తప్పేమో అనుకుని వేరే ల్యాబుకు పంపించాను. అక్కడా తక్కువే. గోలీలు నకిలీవేమో అనుకుని వేరే డబ్బా తెప్పించాను. అప్పుడూ తక్కువే. ప్రతిసారీ సేఠ్‌ను అడుగుతూనే ఉన్నాను, "గోలి ఏసిండ్రా?" అని. ప్రతిసారీ ఆయన "ఏసిండ్రు సార్" అంటూనే ఉన్నాడు. చివరికి నా మాటంటే ఆయనకు చిరాకు వచ్చింది. "ఏంది సార్, మా ఇంటోళ్ల మీద మీకు నమ్మకం లేదా?"

నాగపూర్‌కు ఫోన్ చేశాను. "డాక్టర్ గారూ, కుక్క గుండె పరుగెడుతోంది. డోసు తగ్గించాలి" అన్నాను. ఆయన ఓపికగా, చిన్నపిల్లాడికి చెప్పినట్టు చెప్పాడు. "రిపోర్టు తక్కువ చూపిస్తోంది కదా. మీరు ఎక్కువగా పశువులను చూసినవారు, ఇది కొంచెం వేరు. కుక్కకు ఆందోళన జబ్బు ఉన్నట్టుంది. మంచి ట్రైనర్‌కు చూపించండి." సిరోంచలో కుక్కల ట్రైనర్! ఆయన కుక్కను ఒక్కసారి కూడా ముట్టుకోలేదు. ఫోన్‌లో కాగితం చూసి డోసు పెంచాడు, అంతే. దూరం నుంచి వైద్యం చేసేవాళ్లతో ఇదే తంటా. వాళ్లకు రొప్పు వినపడదు.

అంతకంటే పెద్ద భయం అప్పుడే మొదలైంది. బాద్షా దుకాణానికొచ్చే గిరాకీల మీద గుర్రుమనడం మొదలుపెట్టింది. ఒక ముసలాయన పప్పు కొనడానికి చెయ్యి చాపితే పళ్లు చూపించింది. సేఠ్ నా దగ్గరికి వచ్చి నిలబడే చెప్పాడు, కూర్చోలేదు.

"మస్తు పరేషాన్ అయితున్నది సార్. ఇగ ఒక్కసారి సూస్త. గీసారి గూడ గోలి పని చెయ్యకుంటె, పాతగూడెం లోడు పోయిన్నాడు బండిల ఎక్కిచ్చి, వంతెన అవతల ఇడిచొస్త."

వంతెన అవతల అడవి. చిరుతపులికి కుక్క మాంసమంటే ఎంత ఇష్టమో ఈ ప్రాంతంలో తెలియనివాళ్లు లేరు. బియ్యం బస్తాల మీద పెరిగిన లాబ్రడార్ అక్కడ ఎంతసేపు బతుకుతుంది?

"సరోజమ్మకు చెప్పినవా?"

"చెప్పిన. ఏడుస్తున్నది. ఏడిస్తె ఏం జేస్త సార్? రేపు ఎవర్నన్న కరిస్తె నన్నే అడుగుతరు."

ఆ మాటా నిజమే. కుక్క ప్రాణమంతా ఇప్పుడు ఒక రక్తపరీక్ష మీద పడింది. ఆ పరీక్షేమో నాకు అర్థం కావడం లేదు.

చల్లారిన పొయ్యి

ఆ చివరి పరీక్షకు అనుకున్న సోమవారం కుక్క బండి ఎక్కనని మొండికేసింది. నేనే సామాను పట్టుకుని వాళ్లింటికి పోయాను. సేఠ్ ఏదో పని మీద బయటికి పోయాడు. సరోజమ్మ ఉంది. కుక్కను వదిలి పోవడానికి మనసొప్పక ఆ వారం కాళేశ్వరం మానుకుంది. అన్ని నెలల వైద్యంలో సోమవారం నాడు నేను ఆమెను చూడటం అదే మొదటిసారి. అంతకుముందు ప్రతిసారీ సేఠే కుక్కను తెచ్చేవాడు.

వంటింటి గుమ్మం పక్కనే కుక్కను పడుకోబెట్టి, కాలి మీద వెంట్రుకలు కత్తిరిస్తూ, ఊరికే మాట కలిపాను.

"పొద్దున ఏం తిన్నది అమ్మా?"

"ఏం తినలె సార్. ఇయ్యాల సోమారం గద. ఉపాసం."

"మీకు ఉపాసం. దీనికేంది?"

ఆమె నావైపు వింతగా చూసింది.

"మేం తినకుండ దానికెట్ల పెడ్తం సార్? మా అత్త ఉన్నప్పటి నుంచి సోమారం పొద్దుగాల మా ఇంట్ల పొయ్యి ముట్టియ్యం. పొద్దూకినంక దీపం పెట్టి, మేం తిని, గప్పుడు దానికి పెడ్తం."

నా చేతిలో కత్తెర ఆగిపోయింది.

"మరి గోలి?"

"గోలి రొట్టెల పెట్టి ఇస్త గద సార్. ఉత్తగ నోట్ల పెడితె ఉమ్మేస్తది. రొట్టె లేకుంటె గోలి ఎట్లిస్త? పొద్దూకినంక రొట్టెతోటి ఇస్త."

వంటింట్లోకి తొంగి చూశాను. పొయ్యి చల్లగా, అలికి ముగ్గేసి ఉంది. కుక్క నేల మీద పడి రొప్పుతోంది. నాకు అరవాలో నవ్వాలో తెలియలేదు. చివరికి అరిచాను.

"అమ్మా! ఇన్ని నెలల సంది నేను రక్తం తీసిందంత సోమారమే గదనమ్మా!"

లెక్క చాలా సులువు. వారంలో మిగతా రోజులన్నీ పొద్దున్నే రొట్టెలో గోలి పడుతోంది. సోమవారం ఒక్క పొద్దున పడదు. ఆదివారం రాత్రి వేసింది సోమవారం మధ్యాహ్నానికి కుక్క ఒంట్లో పెద్దగా మిగలదు. సరిగ్గా ఆ రోజే నేను రక్తం తీసి, తక్కువుందని పంపిస్తున్నాను. తక్కువుందని నాగపూర్ ఆయన డోసు పెంచుతున్నాడు. ఆ పెంచిన డోసంతా మంగళవారం నుంచి ఆదివారం దాకా ఈ మూగజీవి గుండె మీద పడుతోంది. మనిషి రక్తమైతే ఒక పూట తప్పినా అంకె మారదు. కుక్క రక్తం కాబట్టి మారింది.

సేఠ్ అబద్ధం చెప్పలేదు. ఇంట్లో గోలి తప్పదని ఆయన నమ్మాడు. ఆయన ఎన్నడూ తన చేత్తో గోలి వేసి ఎరగడు. వంటింట్లో ఏం జరుగుతుందో ఈ ఊరి మగవాళ్లకు తెలియదు, తెలియదని ఒప్పుకోరు కూడా. సరోజమ్మను ఎవరూ అడగలేదు. గోలి వేసే చెయ్యి ఒకరిది, జవాబు చెప్పే నోరు ఇంకొకరిది. కొత్తగా వచ్చే పిల్లలూ, నేను రాసినదాంట్లో మీకు పనికొచ్చే ముక్క ఏదైనా ఉంటే ఇదే. "మందు వేశారా" అని అడగకండి. ఎవరు వేశారు, దేంట్లో పెట్టి వేశారు, ఈ పొద్దున ఏం తినింది అని అడగండి. వేసిన మనిషినే అడగండి, ఆమె వంటింట్లో ఉంటే వంటింటి గుమ్మం దాకా పోయి అడగండి.

సరోజమ్మకు సంగతి అర్థమయ్యేసరికి ముఖం తెల్లబోయింది.

"అంటె నా ఉపాసమేనా సార్ దీన్ని గిట్ల చేసింది?"

"ఉపాసం కాదమ్మా" అన్నాను. నిజానికి ఉపవాసమే.

మంగళవారం

ఆ రోజు రక్తం తీయలేదు. మర్నాడు దుకాణం తెరిచే వేళకే పోయి బస్తా మీద కూర్చున్నాను. సరోజమ్మ నా కళ్ల ముందే రొట్టెలో గోలి పెట్టి తినిపించింది. మధ్యాహ్నం దాకా అక్కడే కూర్చున్నాను. ఈలోపు గిరాకీలు నన్ను జీలకర్ర ధర అడిగారు, ఒకామె నూనె పోయమంది. మధ్యాహ్నం ఉప్పు బస్తాల వెనక రక్తం తీసి, బస్సు డ్రైవర్ చేతిలో డబ్బా పెట్టి, సేఠ్‌తో అన్నాను.

"సేఠ్, కాయితం వచ్చేదాక ఆగకు. ఇయ్యాల్టి నుంచే పెంచకముందటి పాత డోసుకు తగ్గించు."

ఆయన అక్కడే నాగపూర్‌కు ఫోన్ కలిపాడు. రిపోర్టు లేకుండా తగ్గించవద్దని అటునుంచి జవాబు.

"పెద్ద డాక్టర్ వద్దంటున్నడు సార్. కాయితం రానియ్యుండ్రి."

పెద్ద డాక్టర్! సరోజమ్మ గుమ్మంలో నిలబడి నా ముఖమూ ఆయన ముఖమూ చూసింది. ఆమె ఎవరి మాట వినాలి? ఆ ఇంట్లో నిర్ణయాలు ఆమెవి కావు. పెద్ద డోసే సాగింది. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టయింది నా పని.

గురువారం బాద్షా ఒక గిరాకీ చెయ్యి కొరికింది. పెద్ద గాయం కాదు, కానీ రక్తం కారింది, జనం పోగయ్యారు. శుక్రవారం పాతగూడెం లోడుతో పాటు సేఠ్ కుక్కను ఎక్కించుకుపోయి, అన్నట్టే వంతెన అవతల దించి వచ్చాడు. నాకు చెప్పలేదు.

ఆదివారం సాయంత్రం రిపోర్టు నా ఫోన్‌కు వచ్చింది. ఉండాల్సిన దానికంటే ఎంతో ఎక్కువ. నేను అనుకున్నదే. రిపోర్టు పట్టుకుని దుకాణానికి పోతే బస్తాల మీద కుక్క లేదు. సంగతి విని, గిరాకీలున్నారని కూడా చూడకుండా సేఠ్‌ను చెడామడా తిట్టాను. అంత కోపం నాకు ఉద్యోగంలో ఎప్పుడూ రాలేదు.

"నాకేం ఎర్క సార్" అన్నాడు సేఠ్, గల్లాపెట్టె వైపు చూస్తూ. "గోలి సంగతి ఆడోళ్లది. కాయితం సంగతి మీది. కరిసిన సంగతి నా మీద పడ్డది." అయినా నా కోపం తగ్గలేదు.

లోపలి నుంచి సరోజమ్మ వచ్చింది. ఏడవడం లేదు. భర్త వైపు చూడకుండా నాతో అంది.

"రేపు పొద్దుగాల నన్ను పాతగూడెం తీస్కపోతరా సార్?"

వంతెన ఇవతల

మర్నాడు సేఠే సామాను బండి తాళం తెచ్చి దాని డ్రైవర్ చేతిలో పెట్టాడు. దారి పొడుగునా సరోజమ్మ కిటికీలోంచి రోడ్డు పక్క పొదలనే చూస్తూ కూర్చుంది. నేనూ చూశాను. ఏం కనిపిస్తుందోనని ఇద్దరికీ భయమే.

బాద్షా అడవిలో లేదు. వంతెన మీదుగా నడిచి, ఇవతలి ఒడ్డుకు వచ్చి, చాయ్ హోటల్ బల్ల కింద పడుకుని ఉంది. చెవి చీరుకుపోయింది, పాదాలు పగిలాయి. వంతెన దాటాక ఇంటి దారి తెలియక ఆగిపోయి ఉంటుంది.

"నిన్న వచ్చింది సార్" అన్నాడు హోటలాయన. "ఒక్కర్ని గూడ కరువలె. బిస్కెట్లు ఏస్తె తిన్నది. ఇయ్యాల పొద్దుగాల గూడ తిన్నది."

సరోజమ్మ నేల మీద కూలబడి దాని తల ఒళ్లోకి తీసుకుంది. దాని తోక మట్టిలో కొట్టుకుంది. స్టెతస్కోపు పెట్టి చూశాను. మందు లేని కొద్ది రోజుల్లోనే గుండె నెమ్మదించింది. ఇక పాత డోసుతో మళ్లీ మొదలుపెట్టాలి, ఇప్పుడే మొదలుపెడదామని గోలి తీశాను. హోటల్లో ఒక బన్ను తీసుకుని, అందులో గోలి పెట్టి ఆమెకిచ్చాను.

ఆమె బన్ను నోటి దగ్గర పెట్టింది. బాద్షా వాసన చూసింది, తల తిప్పేసింది. మళ్లీ పెట్టింది. మళ్లీ తిప్పేసి, ఆమె ముఖంలోకి చూస్తూ కూర్చుంది. హోటలాయన బిస్కెట్ వేస్తే అది కూడా ముట్టలేదు.

"గిప్పుడే తిన్నది గద!" అన్నాడు ఆయన.

దానికి కడుపు నొప్పేమో, ఇంకేమో అని నాకు దిగులు పట్టుకుంది. పొట్ట నొక్కి చూడబోయాను. సరోజమ్మ నా చెయ్యి ఆపింది.

"ఏం లేదు సార్. సోమారం గద."

కుక్కకు వారాలు తెలుస్తాయని నేను చెప్పను. ఆమె తడి జుట్టు, నుదుటి మీద విభూతి వాసన, అవి ఉన్న రోజు ఆమె తినేదాకా తాను తినకూడదని అది ఇన్నేళ్లలో నేర్చుకుంది. ఆమె వచ్చేదాకా హోటలాయన చేతి బిస్కెట్లు తిన్న కుక్క, ఆమె రాగానే ఉపవాసం పట్టింది.

సరోజమ్మ అత్త కాలం నుంచీ ఆ ఇంట్లో సోమవారం పొద్దు గుంకకముందు మెతుకు ముట్టినవాళ్లు లేరు. సరోజమ్మ బన్ను చేతిలో పట్టుకునే కాళేశ్వరం ఉన్న వైపు తిరిగి దండం పెట్టింది.

"తప్పయితె నా మీద ఉండని సామీ" అని, బన్నులో ఒక ముక్క తుంచి నోట్లో పెట్టుకుని నమిలింది. కుక్క చూస్తుండగా మింగింది.

మిగతాది బాద్షా గోలితో సహా తినేసింది.

ఆ తర్వాత ఆమె సోమవారాలు ఉపవాసం ఉంటోందా లేదా అని నేను అడగలేదు. అది డాక్టరు అడగాల్సిన విషయం కాదు. సేఠ్ మాత్రం నాగపూర్ డాక్టరే డోసు కుదిర్చాడని ఊరంతా చెప్పుకుంటున్నాడు, చెప్పుకోనీ. కొన్ని వారాలయ్యాక మళ్లీ రక్తం తీయాల్సి వచ్చినప్పుడు, నేను కావాలనే సోమవారం మధ్యాహ్నం పోయాను. అంకె ఎంత ఉండాలో సరిగ్గా అంతే వచ్చింది.